వంశవృక్షం గీయబోయి జన్యు పరీక్ష దాకా: నా అనుభవం

మాది కడప జిల్లా జమ్మలమడుగు దగ్గర ఒక పల్లె. నేను ఎమ్మెస్సీ జెనెటిక్స్ చదివాను. దాంతోపాటు దూరవిద్యలో సైన్స్ కమ్యూనికేషన్ డిప్లొమా కూడా చేశాను. 2023 డిసెంబరులో క్లాసులో ఇచ్చిన ఒక ప్రాక్టికల్ పనితో మొదలైన మా వంశవృక్షం 2025 వేసవికి గానీ ఒక కొలిక్కి రాలేదు. మధ్యలో పాత దస్తావేజులు, తహసీల్దార్ ఆఫీసు, హైదరాబాదులో రక్తపరీక్షలు, ఇంట్లో గొడవలు, ఒక పెళ్ళి సంబంధం, అన్నీ వచ్చాయి. మేనరికాలు ఎక్కువగా ఉండే ఇళ్ళలో ఎవరైనా ఈ పని మొదలుపెడితే ఏమేం ఎదురవుతాయో ముందే తెలియడం మంచిదని జరిగింది జరిగినట్టు రాస్తున్నాను. ఇంట్లోవాళ్ళను అడిగే రాస్తున్నాను. పేర్లు మాత్రం రాయను.

క్లాసులో చెప్పిన పని చిన్నదే. ఇంట్లో మూడు తరాల పెడిగ్రీ చార్టు గీసుకురమ్మన్నారు. మగవాళ్ళకు చదరం, ఆడవాళ్ళకు గుండ్రం, పెళ్ళికి అడ్డగీత, రక్తసంబంధంలో పెళ్ళయితే జంటగీత, ఏదైనా పుట్టుక సమస్య ఉన్నవాళ్ళ గుర్తును నల్లగా నింపాలి. 2024 సంక్రాంతికి ఇంటికొచ్చినప్పుడు జేజి (నాయనమ్మ) పక్కన కూర్చొని మొదలుపెట్టాను. అరగంటలోనే కాగితం చాలలేదు. జేజి, జేజినాయన మేనబావ మేనమరదళ్ళు. మా చిన్నాయన చేసుకున్నది పెద్దత్త కూతురిని, అంటే సొంత అక్క కూతురిని. ఆమె నాకు ఒక వరసలో వదిన, ఇంకో వరసలో పిన్ని. పిన్ని అనే పిలుస్తాను. చార్టులో ఆమెను ఎక్కడ పెట్టాలో తేలక గీతలు ఒకదాని మీద ఒకటి ఎక్కాయి. నా స్నేహితుల చార్టుల్లో ఒకటో రెండో జంటగీతలు ఉంటే, మా ఇంటి చార్టులో ప్రతి తరంలోనూ ఉన్నాయి.

చిన్నాయన కొడుక్కి అప్పటికి ఐదేళ్ళు. పుట్టు చెవుడు. రెండేళ్ళు వచ్చేదాకా మాకు తెలియలేదు. తర్వాత ఆరోగ్యశ్రీ కింద కాక్లియర్ ఇంప్లాంట్ ఆపరేషన్ అయింది, మాటలు నేర్పించే థెరపీకి పిన్ని వాడిని ఎత్తుకొని వారం వారం బస్సులో తిరిగింది. ఇప్పుడు పేరు పెట్టి పిలిస్తే తిరిగి చూస్తాడు, చిన్న చిన్న మాటలు మాట్లాడతాడు. అయితే కడుపుతో ఉన్నప్పుడు పిన్నికి టైఫాయిడ్ వచ్చింది, అప్పుడు మింగిన మందుల వల్లే బిడ్డకు ఇట్లయిందని ఇంట్లో అందరి నమ్మకం. ఎవరూ గట్టిగా అనరు. కానీ పండక్కి నలుగురు చేరినప్పుడు ఎవరో ఒకరు ఆ మాట ఎత్తుతారు, పిన్ని లేచి వంటింట్లోకి వెళ్ళిపోతుంది. చార్టులో వాడి చదరాన్ని నల్లగా నింపుతుంటే జేజి చూసి, "మా అబ్బ తమ్ముడు ఒగాయన మూగాయన ఉండినాడంట, నేను సూడలా" అంది. ప్రాక్టికల్ మార్కులకు మూడు తరాలు చాలు. ఆ మాటతో నేను అక్కడ ఆగలేకపోయాను.

ఫిబ్రవరిలో శనగ కోతలప్పుడు వంశరాజులు వచ్చారు. మా వైపు సేద్యగాళ్ళ ఇళ్ళకు గోత్రాలు, ఇంటిపేర్లు, తాతముత్తాతల పేర్లు చెప్పేవాళ్ళు వీళ్ళే. వాళ్ళను ఇదివరకు పిలిచే పేరు కించపరిచేదిగా మారిందని ఇప్పుడు వంశరాజులు అంటున్నారు. మేం కూడా అట్లాగే అనడం మర్యాద. చాలా ఏళ్ళుగా మా ఊరికి రాలేదు, నేను ప్రొద్దుటూరు వైపు వాకబు చేయించి పిలిపించాను. అరుగు మీద కూర్చొని ఆ పెద్దాయన కళ్ళు మూసుకొని ఏడు తరాల మగపేర్లు గుక్క తిప్పుకోకుండా చెప్పాడు. ఫోనులో రికార్డు చేసుకోవచ్చా అని అడిగితే సంతోషంగా ఒప్పుకున్నాడు. రెండువేల రూపాయలు, ఒక మూట శనగలు, వాళ్ళావిడకు చీర ఇచ్చాం. అంత జ్ఞాపకశక్తికి అది ఏ మూలకూ చాలదు. నేను వరస వరసగా రాసుకుంటూ పోయాను. ప్రతి తరంలో కొడుకుల పేర్లు వచ్చాయి. కూతుళ్ళ దగ్గరికొచ్చేసరికి "ఆడబిడ్డలు ఇద్దరు", "ఆడబిడ్డలు ముగ్గురు" అని లెక్క మాత్రమే. పేర్లేమిటి తాతా అంటే, "వాళ్ళు వేరే ఇంటికి పోతారు గదమ్మా, వాళ్ళ లెక్క ఆ ఇంటోళ్ళు చెప్పాల" అన్నాడు. అయితే మేనరికాల ఇంట్లో ఆ ఆడబిడ్డలు ఎక్కడికీ పోలేదు. వాళ్ళ కూతుళ్ళు మళ్ళీ ఇదే ఇంటికి కోడళ్ళుగా వచ్చారు.

చెప్పిన పేర్లను కాగితంతో సరిచూసుకుందామని మార్చి మొదట్లో మండలం ఆఫీసులో ఆర్‌ఎస్‌ఆర్ నకలు కోసం అర్జీ పెట్టాను. ఆర్‌ఎస్‌ఆర్ అంటే బ్రిటిష్ కాలం నాటి రీసెటిల్‌మెంట్ రిజిస్టరు, సర్వే నంబరు ఎదురుగా పట్టాదారు పేరు ఉంటుంది. మా పొలాల సర్వే నంబర్లు నాయన పాసుపుస్తకంలోంచి రాసుకుపోయాను. రెండు వారాల్లో ఇస్తామన్నారు. అంతలో ఎన్నికల కోడ్ వచ్చింది. మే 13 పోలింగు, జూన్ 4 లెక్కింపు, సిబ్బంది అందరూ ఆ పనిలో పడ్డారు. తర్వాత వెళ్తే నా అర్జీయే కనపడలేదు. అర్జీ ఇచ్చినప్పుడు నా కాపీ మీద స్టాంపు, తేదీ వేయించుకున్నాను కాబట్టి సరిపోయింది, లేకుంటే మళ్ళీ మొదటికి వచ్చేది. చివరికి నకలు చేతికొచ్చింది జూలైలో. ఫీజు తక్కువే. బస్సు ఛార్జీలు, జిరాక్సులు, పొద్దంతా బెంచీ మీద కూర్చోవడం, అసలు ఖర్చంతా అదీ. వంశరాజులు చెప్పిన పేర్లలో రెండు అందులో దొరికాయి. కానీ ఆయన తండ్రీకొడుకులుగా చెప్పిన ఇద్దరు రిజిస్టరు ప్రకారం అన్నదమ్ములు. ఒక ఆడ పేరు కూడా కనపడింది, భర్త చనిపోయి పట్టా తన పేరుకు మారిన ఒకావిడది. మొత్తం పేజీల్లో ఆమె ఒక్కతే.

నకలు కోసం ఎదురుచూస్తున్న రోజుల్లోనే కడపలో ఎర్రముక్కపల్లెలోని సి.పి.బ్రౌన్ భాషా పరిశోధన కేంద్రానికి వెళ్ళాను. బ్రిటిష్ సర్వే అధికారి కల్నల్ కాలిన్ మెకంజీ 19వ శతాబ్దం తొలి ఏళ్ళలో ఊరూరా రాయించిన కైఫీయతులు కడప జిల్లాకు సంబంధించినవి అక్కడ అచ్చు పుస్తకాలుగా ఉన్నాయి. మా పక్క ఊళ్ళ గుళ్ళు, చెరువులు, మాన్యాలు, ఏ రాజు ఎవరికి ఇచ్చాడు, అన్నీ చదువుతుంటే టైమే తెలియలేదు. అయితే మామూలు సేద్యగాళ్ళ ఇంటి వరస వాటిలో దొరుకుతుందని ఆశపెట్టుకోకండి. అవి ఊరి చరిత్రలు. మీ పూర్వీకులు రెడ్డిగమో (ఊరి పెద్దరికం) కరణీకమో (ఊరి లెక్కలు రాసే పని) చేసి ఉంటే తప్ప పేరు కనపడటం కష్టం.

అసలు విషయం దొరికింది మే నెలలో. గండికోట జలాశయం ముంపులో 2020లో కొండాపురం వైపు ఊళ్ళు ఖాళీ అయినప్పుడు జేజి పుట్టింటివాళ్ళు కూడా పునరావాస కాలనీకి వెళ్ళిపోయారు. అక్కడ జేజికి చిన్నాయన కూతురు ఒకావిడ ఉంది, తొంభైకి దగ్గర పడి ఉంటుంది. చూపు ఆనదు గానీ మాట స్పష్టం. జేజిని వెంటబెట్టుకొని పోయాను. ఇద్దరూ ఒకరి చేతులు ఒకరు పట్టుకొని చాలాసేపు ఏడ్చారు, మునిగిపోయిన ఇల్లు, రాగిమాను, బావి అన్నీ తలచుకున్నారు. ఆ తర్వాతే నా నోటు పుస్తకం తీశాను. ఇంకో సంగతి, ముసలివాళ్ళను ప్రశ్నల పట్టికతో అడిగితే ఏమీ రాదు. ఇద్దరు ముసలివాళ్ళను ఒకచోట కూర్చోబెట్టి మనం ఊరుకుంటే చాలు, ఒకరు చెప్పింది ఇంకొకరు దిద్దుతారు.

వాళ్ళ మాటల్లోనే బయటపడింది. జేజి మేనత్త ఒకామె పుట్టు చెవిటిదట. మాట రాలేదు. పెళ్ళి కాలేదు. పిల్లలను బాగా చూసేదట, పదహారు పదిహేడేళ్ళకే ఏదో జ్వరంతో పోయింది. "దానికి పేరేం పెట్టినారో గానీ అందురూ మూగమ్మా అనే పిలిసేది" అంది ఆ పెద్దావిడ. కాసేపు ఆలోచించి, "పేరు సుబ్బమ్మ. ఔ, సుబ్బమ్మే" అంది. నేను మాట ఇచ్చాను కాబట్టి ఇంట్లోవాళ్ళ పేర్లు రాయడం లేదు గానీ ఈమె ఒక్కరి పేరు రాయమని జేజే చెప్పింది. వంశరాజుల వరసలో ఆమె 'ఆడబిడ్డలు ముగ్గురు'లో ఒకతి. రిజిస్టర్లలో లేదు. ఏ కాగితంలోనూ లేదు. నా చార్టుకు కావలసిన ముఖ్యమైన మనిషి ఆమె. ఇంకో ఏడాది ఆలస్యం చేసి ఉంటే ఆ పేరు దొరికేది కాదు, ఎందుకంటే ఆ పెద్దావిడ ఆ ఏడు దీపావళికి ముందే పోయింది.

అదే ఇంట్లో ఒక రేకు ట్రంకు పెట్టె ఉంది. ఖాళీ చేసేటప్పుడు తెచ్చుకున్న పాత కాగితాలు అందులో ఉన్నాయి. అడుగున నాలుగు మడతలు పెట్టిన స్టాంపు కాగితం. మడతల దగ్గర చిరిగింది, చెదలు తిన్న చిల్లులు ఉన్నాయి. అన్నదమ్ముల పాలు పంపకాల కాగితమని మాత్రం అర్థమైంది. అంతా గొలుసుకట్టు రాత, కలం ఎత్తకుండా రాసినది, నాకు ఒక్క వాక్యం కూడా సాగలేదు. అక్కడే ఫోటోలు తీసుకున్నాను. కాగితాన్ని ఎండలో పరచలేదు, టేపు అంటించలేదు, రెండు తెల్ల కాగితాల మధ్య పెట్టి అట్టలో దాచాం. కరణాలు 1984లో రద్దయ్యారు కదా, ఆ ఇళ్ళలో ఈ రాత చదవగలిగినవాళ్ళు ఇంకా అక్కడక్కడా ఉన్నారు. మా పక్క మండలంలో అలాంటి పెద్దాయన ఒకరు జూన్‌లో నాకోసం ఒక మధ్యాహ్నమంతా కూర్చున్నారు. ఫోనులో ఫోటోను పెద్దది చేసి చూపిస్తే, "ఇట్లా చూస్తే అక్షరం తెగుతుందమ్మా, ప్రింటు తీసుకురా" అన్నారు. జమ్మలమడుగు వెళ్ళి పెద్ద సైజులో ప్రింటు తీయించుకొచ్చాను. అప్పుడు చదివారు.

'వికారి నామ సంవత్సర మార్గశిర' అని మొదలైంది. నాకు గుండె దడ మొదలైంది. వికారి 1899లో వస్తుంది. అరవై ఏళ్ళు వెనక్కిపోతే 1839లోనూ వస్తుంది. ఏ వికారి అన్నదాన్ని బట్టి రెండు తరాల తేడా, నా చార్టంతా మారిపోతుంది. ఆయన తొందరపడలేదు. కింద చెదలు తిన్న చోట వేలు పెట్టి తెలుగు అంకెలు ఒక్కొక్కటిగా కూడబలుక్కున్నారు: ఫసలీ ౧౩౦౯. ఫసలీ అంటే జూలై నుంచి జూన్ దాకా నడిచే రెవెన్యూ లెక్కల సంవత్సరం. దానికి 590 కలిపితే అది మొదలైన ఇంగ్లిషు సంవత్సరం. 1309కి కలిపితే 1899. అంటే 1899 చివర్లో రాసుకున్న కాగితం, పంచుకున్నవాళ్ళు మా జేజినాయనకు తాతల వరస. పాత కాగితాలు చూసేవాళ్ళు సంవత్సరం పేరు ఒక్కదాన్నే నమ్ముకోవద్దు, ఫసలీ ఎక్కడుందో వెతకండి. అదే కాగితంలో ఇంకో షరతు ఉంది. నలుగురు అన్నదమ్ముల్లో చిన్నవాడు మాట రానివాడు కాబట్టి అతని పాలు పెద్దన్న సాగుచేసి, అతనికి బతికినన్నాళ్ళూ అన్నవస్త్రాలు జరపాలి. జేజి చెప్పిన 'మూగాయన' ఆయనే అయ్యుంటాడు. నూట ఇరవై ఐదేళ్ళ కింద మా వాళ్ళు ఆయన్ని వదిలేయకుండా కాగితం రాసుకున్నారని తెలిసి నాకు కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. కరణం పెద్దాయన కూడా కాసేపు మాట్లాడలేదు.

ఇప్పుడు చార్టులో నల్లగా నింపిన గుర్తులు మూడు: 1899 నాటి ఆయన, సుబ్బమ్మ, మా తమ్ముడు. మూడూ జంటగీతలకు దగ్గర్లోనే. సెప్టెంబరులో మా మేడమ్‌కు చూపించాను. ఆమె చాలాసేపు చూసి, "పాతవాళ్ళది ఏమిటో మనం తేల్చలేం. కానీ పిల్లాడి పరీక్ష మాత్రం చేయించండి. కౌన్సెలింగ్ ఉన్నచోటే చేయించండి, ఊరికే శాంపిల్ తీసుకొని రిపోర్టు మెయిల్ చేసేచోట వద్దు" అన్నారు. ఆ మాట నాకు తర్వాత ఎంత ఉపయోగపడిందో చెప్పలేను.

సరిగ్గా అదే నెల వినాయక చవితికి చిన్నత్త మా ఇంటికొచ్చి, తన కూతురిని మా అన్నకు చేసుకోమని అడిగింది. నాయనకు చెల్లెలంటే ప్రాణం. మాట ఇచ్చేసేలా ఉన్నాడు. నేను చార్టు తీసుకొచ్చి అందరి ముందూ పరిచాను, ముందు పరీక్షలు చేయిద్దాం అన్నాను. నాయన ముఖం ఎర్రబడింది. "సదువుకోమని పంపిస్తే ఇంటి గుట్టు ఎత్తుకొని తిరుగుతాండావా?" అన్నాడు. అత్త ఇంకో మాట అంది: "మా బిడ్డను చేసుకునేది ఇష్టం ల్యాకపోతే ల్యాదని చెప్పండి, మధ్యలో సైన్సెందుకు?" ఆ రాత్రి ఎవరూ సరిగ్గా తినలేదు. వాళ్ళ భయం నాకు అర్థమైంది. వీళ్ళ రక్తంలో ఏదో ఉందంట అన్న పుకారు ఒక్కసారి లేస్తే ఇంట్లో ఏ పిల్లకూ సంబంధం రాదు. అందుకే ఈ వివరాలను ఏ యాప్‌లోనూ ఎక్కించలేదు. చార్టు ఒక్కటే కాపీ, మా బీరువాలో ఉంది.

ఒప్పుకున్నది చిన్నాయన. "నా కొడుకు కోసం నేను చేయిస్తా, ఎవురు ఒప్పుకుంటే ఏంది, ఒప్పుకోకపోతే ఏంది" అన్నాడు. నవంబరులో ఎర్రగుంట్లలో వెంకటాద్రి రైలు ఎక్కి హైదరాబాదు పోయాం. ముందు కౌన్సెలింగ్, గంటకు పైనే. నా చార్టు చూసి కౌన్సెలర్ ఇంకో కాగితం తీసుకోలేదు, దాని మీదే గుర్తులు పెట్టుకున్నారు. తర్వాత సమ్మతి పత్రం. అందులో ఒక్కో లైను తెలుగులో చెప్పమని అడిగాను, చెప్పారు. పిల్లాడి చేతి నుంచి రెండు మూడు మిల్లీలీటర్ల రక్తం, ఊదా మూత గొట్టంలో. అంతే, పదిహేను నిమిషాల పని. ముందు పిల్లాడికే ఎందుకంటే, సమస్య ఉన్నవాళ్ళలో లోపం ఏమిటో దొరికితేనే మిగతావాళ్ళలో దానికోసం వెతకడం తేలిక, ఖర్చు తక్కువ. మొదట ఒక్క జన్యువే చూస్తామన్నారు, ఆరువేలు కట్టాం. అందులో దొరక్కపోతే మొత్తం ఎక్సోమ్, అంటే ప్రొటీన్లు తయారు చేయించే జన్యు భాగాలన్నీ చూడాలి, దానికి ఇరవైవేల దాకా అవుతుందన్నారు. నాలుగు వారాలన్నారు, రిపోర్టు వచ్చేసరికి క్రిస్మస్ దాటింది. ఆ రోజుల్లో ఫోన్ మోగితే చాలు టెన్షన్.

జీజేబీ2 అనే జన్యువులో డబ్ల్యు24ఎక్స్ అనే మార్పు, రెండు కాపీల్లోనూ ఉంది. పాఠాల్లో చదివిందే. 13వ క్రోమోజోమ్ మీద ఉండే ఈ జన్యువు కనెక్సిన్ 26 అనే ప్రొటీన్ తయారు చేయిస్తుంది. లోపలి చెవిలో కణాల మధ్య పొటాషియం తిరగడానికి ఆ ప్రొటీన్ కావాలి. జన్యువులో ఒక్క అక్షరం మారడంతో తయారీ మధ్యలోనే ఆగిపోతుంది. మన దేశంలో పుట్టు చెవుడున్న పిల్లల్లో తరచుగా కనపడే మార్పు ఇది. ఒక కాపీ బాగుంటే వినికిడికి ఏమీ కాదు, రెండూ చెడితేనే చెవుడు. అంటే చిన్నాయన దగ్గర ఒకటి, పిన్ని దగ్గర ఒకటి ఉంది. టైఫాయిడ్‌కూ, మందులకూ సంబంధం లేదు. కౌన్సెలర్ వీడియో కాల్‌లో ఆ మాట చెప్పినప్పుడు పిన్ని నోట మాట రాలేదు. చిన్నాయన తలవంచుకొని, "ఐదేండ్లు దాన్ని అనిపించినాం" అన్నాడు. ఈ పనంతటిలో నాకు అన్నిటికంటే విలువైనది ఏదంటే ఆ ఒక్క నిమిషమే అంటాను.

డిప్లొమాలో అప్పుడు నాకు ఒక అసైన్‌మెంట్ ఉంది. పది దాటి చదవనివాళ్ళకు ఒక సైన్సు విషయాన్ని ఐదు నిమిషాల్లో చెప్పి, ఆడియో పంపాలి. నేను ముందే రాసి పంపిన స్క్రిప్టును మా సార్ వెనక్కి పంపారు. ఎవరికి చెబుతున్నావో వాళ్ళు ఎదురుగా ఉండాలి, వాళ్ళు అడిగే ప్రశ్న కూడా ఆడియోలో వినపడాలి అన్నారు. 2025 సంక్రాంతికి ఇల్లంతా చేరినప్పుడు జేజి ముందు కూర్చున్నాను. బారాకట్ట ఆడే చింతగింజలు, మధ్యకు చీల్చినవి, ఒకవైపు నలుపు, ఒకవైపు తెలుపు. రెండు తీసుకున్నాను. ఒకటి చిన్నాయనది, ఒకటి పిన్నిది. నలుపు పడితే మంచి కాపీ, తెలుపు పడితే చెడ్డది. బిడ్డకు ఇద్దరి దగ్గర్నుంచీ ఒక్కొక్కటి వస్తుంది. రెండూ తెలుపైతేనే చెవుడు. జేజికి ఇచ్చి వేయమన్నాను. ఒక నలుపు, ఒక తెలుపు. మళ్ళీ అదే. తర్వాత రెండూ తెలుపు. అందరూ ఊపిరి బిగబట్టారు. "ఇంగొకసారి ఎయ్యి జేజీ" అన్నాను. మళ్ళీ రెండూ తెలుపే! జేజి గింజలు చేతిలోకి తీసుకొని తిప్పి చూసింది, "ఇదేంది, ఒకసారి పడినాక మళ్ళా పడకూడదు గదా?" అంది. గింజకు ముందు ఏం పడిందో గుర్తుండదు జేజీ అన్నాను. చీల్చిన గింజ కచ్చితంగా సగం సగం పడదు, అసలు లెక్క నాలుగింట ఒకటి. కానీ ప్రతి విసురూ కొత్తదేనన్న సంగతి ఆ గింజలు చెప్పినంత బాగా నా చార్టు చెప్పలేకపోయింది. నాయన కూడా మంచం మీద నుంచి దిగి వచ్చి రెండుసార్లు వేశాడు.

పిన్ని అడిగింది: "అంటే పెద్దోడికి వచ్చింది కాబట్టి రెండో కాన్పుకు రాదు అనేది ల్యాదా?" లేదు పిన్నీ, ప్రతిసారీ నాలుగింట ఒకటే అన్నాను. ఆమె కొంచెంసేపు ఆగి, తనకు రెండో నెల అని చెప్పింది. ఇంట్లో ఎవరికీ తెలియదు. ఆడియోలో ఆ భాగం కోసేసి పంపాను.

కౌన్సెలర్‌కు ఫోన్ చేస్తే, కావాలనుకుంటే 11 నుంచి 13 వారాల మధ్య మావి నుంచి చిన్న ముక్క తీసి పరీక్ష చేయవచ్చనీ, ఆ పరీక్షకు కొద్దిపాటి గర్భస్రావం ప్రమాదం ఉంటుందనీ, చేయించుకోవడం మానడం పూర్తిగా వాళ్ళ ఇష్టమనీ చెప్పారు. ఎటూ నెట్టలేదు. చిన్నాయన, పిన్ని రెండు రోజులు మాట్లాడుకొని వద్దనుకున్నారు. "చెవుడుంటే ఏం చేయాల్నో మాకిప్పుడు తెలుసు" అంది పిన్ని. దాని మీద నేను ఇంకో మాట మాట్లాడలేదు.

ఫిబ్రవరిలో అన్న, చిన్నత్త కూతురు, నేను రక్తం ఇచ్చాం. అత్తను ఒప్పించింది ఆమె కూతురే. బీటెక్ చదువుతోంది, "అమ్మా, నాకోసం నేను తెలుసుకుంటా" అంది. తెలిసిన ఒక్క మార్పు కోసమే వెతుకుతారు కాబట్టి మనిషికి మూడువేలే. కడపలోనే శాంపిల్ ఇచ్చి కొరియర్‌లో పంపించాం. లెక్కప్రకారం మా ముగ్గురిలో ఒక్కొక్కరూ క్యారియర్ అయ్యే, అంటే ఒక కాపీలో ఆ మార్పు ఉండే అవకాశం కనీసం నాలుగింట ఒక వంతు. లెక్కలన్నీ నాకు వచ్చు. అయినా మార్చిలో రిపోర్టు మెయిల్ తెరిచేటప్పుడు నా చేతులు వణికాయి. అన్న క్యారియర్. నేనూ క్యారియర్. అత్త కూతురికి లేదు. నా ఆరోగ్యానికి ఏమీ కాదని పూర్తిగా తెలిసి కూడా ఆ రోజు హాస్టల్లో ఎవరితోనూ మాట్లాడబుద్ధి కాలేదు. 1899 కాగితంలోని ఆయన, సుబ్బమ్మ, నేను, ఒకే తీగ మీద ఉన్నామేమో అనిపించింది. వాళ్ళది కూడా ఇదే మార్పని నిరూపించే దారి లేదు, ఆ సంగతి తెలిసే అంటున్నాను.

ఇంట్లో మాత్రం పండగే. "పాపకు ల్యాదంట, ఇంకేముంది, ముహూర్తం పెట్టుకుందాం" అని అత్త ఫోన్. చెవుడు సంగతి చెప్పడం కంటే ఇది చెప్పడమే నాకు కష్టమైంది. ఈ ఒక్క మార్పు వల్ల వచ్చే చెవుడు వాళ్ళ పిల్లలకు రాదు, అంతవరకే ఆ రిపోర్టు. మిగతా వేల జన్యువుల గురించి అది ఏమీ చెప్పదు. నేను చెబితే మళ్ళీ గొడవ అవుతుందని కౌన్సెలర్‌తో అందరినీ వీడియో కాల్‌లో కూర్చోబెట్టాను. దానికి వెయ్యి రూపాయలు. ఆమె నెమ్మదిగా చెప్పారు: ఎవరికి పుట్టే పిల్లల్లోనైనా నూటికి ఇద్దరు ముగ్గురికి ఏదో ఒక పుట్టుక లోపం ఉంటుంది, మేనబావ మేనమరదళ్ళకు పుట్టేవాళ్ళలో అది ఇంకో రెండు మూడు పెరుగుతుంది, మీ ఇంట్లో తరతరాలుగా మేనరికాలే కాబట్టి అంతకంటే కొంచెం ఎక్కువే అనుకోవాలి. చాలామంది పిల్లలు ఆరోగ్యంగానే పుడతారని కూడా చెప్పారు. నాయన మధ్యలో అడ్డుపడకుండా చివరిదాకా విన్నాడు. అన్న అప్పటిదాకా ఒక్క మాటా అననివాడు, తనకు ఇష్టం లేదన్నాడు. అత్త కూతురు వెంటనే, "నాకూ ఉద్యోగం వచ్చేదాకా పెళ్ళి వద్దు" అంది. అత్త రెండు నెలలు మా ఇంటికి రాలేదు. మే నెలలో మామిడికాయలు పట్టుకొని వచ్చింది. ఆ సంగతి ఎత్తలేదు, మేమూ ఎత్తలేదు.

మొత్తం ఖర్చు లెక్క చూసుకుంటే పరీక్షలకు పదహారువేలు, ప్రయాణాలు, ప్రింట్లు, వంశరాజులకు ఇచ్చింది అన్నీ కలిపి ముప్పైవేలకు కొంచెం లోపు. పరీక్షల డబ్బు చిన్నాయన, అన్న పెట్టుకున్నారు. జేజి తన వైపు ఆడవాళ్ళ పేర్లు గుర్తొచ్చినప్పుడల్లా ఫోన్ చేసి చెబుతోంది, ఇప్పటికి చార్టులో గుండ్రాలన్నిటిలో సగానికి పైగా పేర్లు నిండాయి.

ఇది రాసేది 2025 జూలైలో. పిన్నికి వచ్చే నెల కాన్పు. ప్రొద్దుటూరులో కాన్పు చేసే డాక్టరమ్మకు పిల్లాడి రిపోర్టు కాపీ ముందే ఇచ్చాం. పుట్టిన నెలలోపు వినికిడి స్క్రీనింగ్, అందులో తేడా ఉంటే మూడో నెలలోపు బెరా (శబ్దానికి మెదడు స్పందన కొలిచే) పరీక్ష, చెవుడని తేలితే ఆరో నెలలోపు హియరింగ్ ఎయిడ్. ఈ తేదీలన్నీ పిన్ని క్యాలెండర్ మీద రాసి పెట్టుకుంది. స్క్రీనింగ్ మిషన్ ఆ ఆసుపత్రిలో లేదు, కడప వెళ్ళాలి. కారు మాట్లాడటం నా పని.